నలభై లీటర్ల ట్యాంకులో యాభై రెండు లీటర్లు

నా రెండు కళ్ల మీద ఒట్టు వేసి మొదలుపెడుతున్నాను. ఎడమ కంటికి పోయిన ఏడాదే శుక్లం తీయించుకున్నాను కనుక ఒట్టు ఖరీదు నాకు తెలియదని ఎవరూ అనుకోనక్కర్లేదు. కింద రాసిన ప్రతి మాటా నిజం. నన్ను ఎరిగినవాళ్లు ఈ వాక్యం దగ్గరే ఆగి నవ్వుకుంటారని తెలుసు. ఇక్కడ సింగపూర్‌లో క్రాంజీ రిజర్వాయరు గట్టు మీద మొసలి నా టిఫిన్ డబ్బా మూత తీసి, పులిహోర తిని, మూత మళ్లీ బిగించి వెళ్లిందని చెప్పినవాణ్ణి నేనే మరి. మా ఆఫీసు లిఫ్టు పన్నెండో అంతస్తు దాటి పదమూడోదానికి వెళ్లిందనీ, భవనానికి ఉన్నవి పన్నెండేననీ చెప్పిందీ నేనే. కానీ ఇది అప్పలస్వామి అంకుల్ గురించి. ఆయన విషయంలో, అందులోనూ లీటర్ల విషయంలో, ఒక్క చుక్క కూడా కలపను.

మొన్న ఆదివారం పొద్దున యీషున్‌లో మా ఫ్లాటు దగ్గరి బంకులో పెట్రోలు పోసుకుంటున్నాను. నాజిల్ చేతిలో టక్కుమంది. అరచేతికి తెలిసే ఆ చిన్న దెబ్బ, వెంటనే ముక్కుకు తగిలే ఆ తియ్యటి ఘాటు, ఈ రెండూ కలిస్తే చాలు, నాకు ఆయన గొంతు వినిపిస్తుంది. పక్క పంపు దగ్గర ఒకాయన టక్కుమన్నాక కూడా మీట నొక్కుతూనే ఉన్నాడు. కారుకు అవతలివైపు ఆయన భార్య రెండు చేతులూ ఆనించి బండిని ఉయ్యాలలా ఊపుతోంది. "ఇంకా పడుతుంది, ఊపు," అంటున్నాడు తెలుగులో. నా ప్రమేయం లేకుండానే నా నోట్లోంచి "చుకుప్" అన్న మాట వచ్చింది. మలయ్‌లో చాలు అని అర్థం. ఆయన ఉలిక్కిపడి నావైపు చూసి, నవ్వలేక నవ్వి, నాజిల్ తీసి తగిలించేశాడు. ఆ మాట నాది కాదు, అప్పు తెచ్చుకున్నది. ఎవరి దగ్గర తెచ్చుకున్నానో చెప్పడానికే ఈ నాలుగు కాగితాలు.

కంప్యూటర్లు రెండు వేల సంవత్సరంలోకి అడుగుపెట్టగానే ఏమైపోతాయోనని లోకమంతా గుండెలు అరచేతిలో పెట్టుకున్న రోజులవి. ఆ భయమే మాకు అన్నం పెట్టింది. తెనాలి నుంచి వచ్చిన నాకు ఆంగ్ మో కియో ఇండస్ట్రియల్ పార్కులో పని. పాత ప్రోగ్రాముల్లో రెండంకెల సంవత్సరాన్ని వెతికి పట్టుకొని నాలుగంకెలు చెయ్యాలి. యీషున్‌లో రెండు గదుల ఫ్లాటు అద్దెకు తీసుకున్నాం. ఒక గది నాది, ఒకటి ఖాదర్‌ది. ఖాదర్ హైదరాబాద్ మలక్‌పేట మనిషి. కోపం వస్తే దక్కనీ ఉర్దూ, ఆకలేస్తే తెలుగు మాట్లాడేవాడు. హాల్లో పరుపు వేసుకొని శ్రీహరి అని ఇంకొకడు ఉండేవాడు. వాడు ఎప్పుడు వచ్చేవాడో, ఎప్పుడు వెళ్లేవాడో, ఏం తినేవాడో ఎవరికీ తెలిసేది కాదు. ఖాదరూ నేనూ కలిసి ఒక చిన్న కారు కొన్నాం. రోడ్డు మీద తిరగనిచ్చే అనుమతి పత్రానికి గడువు రెండేళ్లే మిగిలిన పాతబండి. నాలుగు తలుపులు, చిలకపచ్చ రంగు, ఏసీ వేస్తే నీరసపడే ఇంజను. దాని చేతిపుస్తకంలో ట్యాంకు నలభై లీటర్లని రాసి ఉంది. శ్రీహరికి కారులో వాటా లేదు. ఈ మాట గుర్తుంచుకోండి.

మొదటిసారి పెట్రోలుకు ఆంగ్ మో కియోలో ఆఫీసు దగ్గరున్న బంకుకే వెళ్లాను. యాభై అయిదేళ్ల మనిషి, నల్లగా, సన్నగా, ఇస్త్రీ చేసిన యూనిఫారంలో ఎదురొచ్చాడు. ఛాతీ మీద బిళ్లపై అప్పలస్వామిని కుదించి 'సామి' అని ఇంగ్లీషులో ఉంది. నేను దిగీ దిగగానే పంపు మీద సున్నా ఉందా లేదా అని వంగి చూశాను. మన ఊళ్లో బంకుకు వెళ్తే మొదట చేసే పని అది. ఆయన అది చూసి, "సున్నా సూసినావంటే తెలుగోడివే," అన్నాడు. ఆయన తాత విశాఖపట్నం అవతలి నుంచి మలయాకు రబ్బరు తోటల్లో పనికి వచ్చినవాడట. ఈయన పుట్టింది ఇక్కడే. తాతల ఊరు కంటితో చూడలేదు. కానీ ఆ యాస మాత్రం డబ్బాలో పెట్టి మూత వేసినట్టు అలాగే ఉంది, మధ్య మధ్య అరవం, మలయ్ మాటలు కలుపుకొని. "సున్నా ఒక్కటి సూస్తే సాలదు బాబూ. ఆగిందెక్కడో కూడా సూడాల," అన్నాడు.

నాజిల్ టక్కుమంది. నేను అలవాటు ప్రకారం కారు పక్కకు వెళ్లి నడుంతో ఒక ఊపు ఊపాను. ఆయన నాజిల్ బయటికి తీసేసి, "చుకుప్," అన్నాడు.

"ఇంకా పడుతుంది అంకుల్."

"పడతాది. మీ అమ్మ పాలు కాసినప్పుడు గిన్నె అంచుదాకా పోస్తాదా?"

"పొయ్యదు."

"ఏల?"

"పొంగుతాయి కదా."

"పెట్రోలు కూడా ఎండకి పొంగుతాది. దాని కోసరమే లోపల కాస్త సోటు వొదిలి ట్యాంకు సేసినారు. మొదటి టక్కు దగ్గర ఆపాల. ఆ పైన పోసింది ఆవిరి పోయే గొట్టంలోకి పోయి బండిని పాడు సేస్తాది." అంటూ మూత పెట్టి, మూడుసార్లు టక్ టక్ టక్ అనేదాకా తిప్పాడు. "ముల్లు అడుక్కి దిగేదాకా తిరక్కు. పావు దగ్గరికి రాగానే రా. అడుగున సెత్త ఉంటాది. మనిషి కడుపు కూడా అంతే, ఖాళీ సెయ్యకూడదు, మెడదాకా కూరకూడదు. సరి, యిక మకాన్‌కి వెళ్లు." భోజనానికి వెళ్లమని అలా పంపించేశాడు.

ఆ తర్వాత వారానికోసారి అక్కడికే వెళ్లేవాణ్ణి. పెట్రోలు ఒక సాకు. ఆయనకు కథలంటే ప్రాణం. "ఏటి కథ ఈ వారం?" అని నాజిల్ పెట్టగానే అడిగేవాడు. ట్యాంకు నిండేలోగా కథ అయిపోవాలి. నేను ఇవాళ మనుషులు విసుక్కోకుండా ఒక కథ చెప్పగలుగుతున్నానంటే, ముప్పై లీటర్లు నిండే వ్యవధిలో ముగించడం అక్కడ నేర్చుకున్నందుకే. మొసలి కథ మొదట విన్నది ఆయనే. నవ్వి నవ్వి కళ్లు తుడుచుకొని, "మూత బిగించిందా? ఎన్ని టక్కులు?" అని అడిగాడు. మూడు అన్నాను. "అయితే మంచి మొసలే," అన్నాడు. రోజూ పొద్దున ఆయన చేసే మొదటి పని కూడా ఆ రోజుల్లోనే చూశాను. మెడ దగ్గర గాజుపలక, దాని మీద గీతలు ఉన్న ఇరవై లీటర్ల స్టీలు కొలతపాత్ర ఒకటి ఉండేది. ప్రతి పంపు నుంచీ దానిలోకి పట్టి, మోకాళ్ల మీద కూచొని, కన్ను గీతకు సమంగా పెట్టి చూసి, పుస్తకంలో సంతకం చేసేవాడు. వానొచ్చినా, ఒంట్లో బాగోకపోయినా. "నిలబడి సూస్తే ఎక్కువ ఉన్నట్టు కనపడతాది," అని ఒకసారి నన్ను కూడా మోకాళ్ల మీద కూచోబెట్టి చూపించాడు. ఇరవై రెండేళ్లుగా ఆ పుస్తకాల నిండా ఒకే సంతకం.

ఆ ఏడాది ఈస్టర్ సెలవులకు ఖాదరూ నేనూ మలక్కా వెళ్లాలనుకున్నాం. కాజ్‌వే అనే సముద్రపు గట్టు దాటి మలేసియా వెళ్లే సింగపూర్ బండి ట్యాంకులో ముప్పావు వంతు పెట్రోలు ఉండి తీరాలి. లేకపోతే వెనక్కి పంపేస్తారు. అవతల చవక కనుక ఇక్కడివాళ్లు ముల్లును సరిగ్గా ముప్పావు గీత మీద నిలబెట్టి, ఒక్క చుక్క ఎక్కువ లేకుండా వెళ్తారు. మేం కొత్తవాళ్లం. ముప్పావు అన్నారు కదా, ఎందుకైనా మంచిదని మెడదాకా నింపాం. ఆ వేళకు అంకుల్ భోజనానికి వెళ్లాడు. ముల్లు అడుగున ఉంది. ఖాదర్ నాజిల్ పట్టుకున్నాడు, నేను ఊపాను. టక్కుమన్నాక పావుగంట సేపు ఊపాను. పెట్రోలు మూతి దగ్గరికి వచ్చి తళతళలాడేదాకా ఊపాను. పంపు మీద అంకె నలభై రెండు పాయింట్ ఏడు. నలభై లీటర్ల ట్యాంకులో నలభై రెండు లీటర్ల ఏడువందలు పట్టించామని ఆ పూట మాకు ఎంత గర్వమో. మలక్కా చేరేదాకా కారంతా పెట్రోలు కంపు. కిటికీలు దించుకొని, ముక్కులు బయటపెట్టుకొని వెళ్లాం. "యారో, హమే గాడీ మే నై, పీపే మే బైఠేలే," అన్నాడు ఖాదర్. కారులో కాదు, పీపాలో కూచున్నామని.

తిరిగొచ్చిన వారం తెలుగువాళ్ల భోజనాలు జరిగాయి. ఆకులో పప్పు వడ్డిస్తుండగా నేను ఈ సంగతి ఎత్తుకున్నాను. నలభై రెండు పాయింట్ ఏడు అనే అంకెలో ఏం రుచి ఉంది చెప్పండి. మొదటి వరసకు నలభై ఆరు అన్నాను. రెండో వరసకు నలభై తొమ్మిది. మజ్జిగ దగ్గరికి వచ్చేసరికి యాభై రెండయింది. అక్కడ ఆగింది, ఎందుకంటే మజ్జిగతో భోజనం అయిపోయింది. అందరూ నవ్వారు. ఒకరిద్దరు నవ్వలేదు. "అంటే పంపులోనే తిరకాసు ఉందన్నమాట. ఇక్కడ కూడా మొదలయిందా?" అన్నాడొక పెద్దమనిషి. మన ఊళ్లలో దెబ్బతిన్నవాళ్లం, మాకు ఆ అనుమానం రావడానికి అరక్షణం చాలు. దాన్ని నవ్వుతోనే వదిలేస్తే పోయేది. కానీ మా శ్రీహరి ఉన్నాడే, వాడు ఆ రాత్రికి రాత్రే కూచొని ఒక ఈమెయిలు కొట్టాడు. బంకు ఎక్కడిదో, పంపు నంబరు ఎంతో, మా కారు నంబరు ఎంతో అన్నీ వేసి, నలభై లీటర్ల ట్యాంకుకు యాభై రెండు లీటర్లు చూపించిందని రాశాడు. బంకు యజమానుల ఆఫీసుకు ఒకటి, తెలుగువాళ్ల మెయిలింగ్ జాబితాకు పేరు లేకుండా ఒకటి. మర్నాటికి ముప్పై జవాబులు. "నాకూ అలాగే అనిపించింది," అని ముప్పై మంది. ఇలాంటివాళ్లు ఉంటారు. పక్కవాడి బతుకు ఏమవుతుందోనన్న ఆలోచన ఉండదు. పదిమంది తన ఉత్తరం చదువుతున్నారన్న సంబరం ఒక్కటే. ఈ మాట నేను ఖాదర్‌తో అంటే, వాడు నావైపు ఒక చూపు చూసి టీవీ పెట్టుకున్నాడు.

ఆ వారం బంకుకు వెళ్తే అంకుల్ లేడు. ఎవరో కొత్తతను వచ్చి నాజిల్ పెట్టాడు. సామి ఎక్కడని అడిగితే, "ఇంట్లో ఉండమన్నారు లా. కంప్లైంట్," అన్నాడు, ఇక్కడివాళ్లు మాట చివర తగిలించే 'లా' తగిలించి. చేతికున్న తొడుగు తీసుకుంటూ, "ఎవరో ఇంజనీరు రాశాడంట," అని కూడా అన్నాడు.

అడ్రసు కనుక్కొని సాయంత్రం వాళ్ల ఫ్లాటుకు వెళ్లాను. ఆంటీ తలుపు తీసింది. "రా తంబీ. ఇరవై రెండేళ్లలో ఒక్క రోజు మెడికల్ లీవు పెట్టని మనిషి, నాలుగు రోజులయి బాల్కనీలో కూచున్నాడు. నువ్వయినా ఒక కథ సెప్పు," అంది. వాళ్లమ్మాయి లోపలి గది నుంచి ఇంగ్లీషులో, "పా ఈజ్ నాట్ ఈటింగ్ లా, ఆస్క్ హిమ్ టు ఈట్," అని అరిచింది. అంకుల్ బాల్కనీలో ఇస్త్రీ చొక్కా వేసుకునే కూచున్నాడు. యూనిఫారం కాదు, మామూలుది. ఎదుటి బ్లాకు కిటికీల్లో దీపాలు ఒక్కొక్కటే వెలుగుతున్నాయి.

"రెండు దారులున్నాయట," అన్నాడు నావైపు చూడకుండా. "గొడవ లేకుండా వేరే బంకుకి మారిపోవాల. జీతం అదే. లేదంటే కొలత సరయినదేనని రుజువు సెయ్యాల. మేనేజరు టాన్ మంచోడు. మారిపో సామీ, అంతా మరిసిపోతారు అన్నాడు."

"మారిపోతే పోలేదా అంకుల్? జీతం అదే కదా."

అప్పుడు తిరిగి చూశాడు. "రోజూ పొద్దున సంతకం పెట్టినోణ్ణి నేను. మారిపోతే ఆ సంతకాలన్నీ అబద్ధమని ఒప్పుకున్నట్టే. ఇరవై రెండేళ్లూ." కుర్చీ నావైపు జరుపుకొని, "నీ బండి కావాల," అన్నాడు.

బండి ఇస్తే ట్యాంకు నిజంగా ఎంత పడుతుందో తేలిపోతుంది. తేలిపోతే నా యాభై రెండు గాలిలో కలిసిపోతుంది. భోజనాల దగ్గర నవ్విన నలభై మందీ మళ్లీ నవ్వుతారు, ఈసారి నన్ను చూసి. "బండి రిపేర్లో ఉంది అంకుల్," అన్నాను.

"పరవాలేదు. తోసుకొని వొద్దాం," అన్నాడాయన. "ఆదివారం బంకుకి కొలతల ఆఫీసోళ్లని పిలవమని టాన్‌కి సెబుతాను. పొద్దున ఆరింటికి నీ బ్లాకు కింద ఉంటాను. ట్యాంకు ఎండగట్టాల గదా, ఇద్దరం తిరుగుదాం."

అన్నట్టే ఆరింటికి ఉన్నాడు. చేతిలో ఒక నీళ్ల సీసా, తుడుచుకోడానికి గుడ్డ. ముల్లు ఎర్ర గీత కింద ఉంది. ఆయన పక్క సీట్లో కూచొని దారి చెబుతుంటే యీషున్ దాటి క్రాంజీ వైపు పోనిచ్చాను. కోళ్ల ఫారాలు, ఆర్కిడ్ తోటలు, యుద్ధంలో పోయినవాళ్ల శ్మశానంలో వరసలుగా తెల్లటి రాళ్లు. బస్సులు తప్ప మనిషి అలికిడి లేదు. ఆ నిశ్శబ్దం నాకు అలవాటు లేనిది. తట్టుకోలేక, "అంకుల్, ఆ రిజర్వాయరు గట్టు అదే. మొసలి కథ..." అన్నాను.

"తెలుసు. మంచి కథ," అన్నాడు. అద్దంలోంచి ముందుకే చూస్తున్నాడు. "ఆ కథలో పులిహోర తిన్నాదని సెప్పినావని మొసలొచ్చి నా పని పోయిందని ఏడవదు. నీ కథలో ఏనుగుల్ని పెట్టు, మొసళ్లని పెట్టు, లిఫ్టుల్ని ఆకాశానికి పంపు. నేను మొదట కూచొని వింటాను. లీటర్లు పెంచకు. లీటరు ఎనకాల ఒక మనిషి ఉంటాడు."

"ఉత్తరం నేను..." అని ఏదో అనబోయాను.

"ఉత్తరం ఎవరు రాసినారో నేను అడగలేదు," అన్నాడు. "అడగను. నువ్వు పంపు దగ్గర ఎంత సూసినావు? అది సెప్పు."

"నలభై రెండు పాయింట్ ఏడు."

"ఊపినావా?"

"పావుగంట."

ఆయన తల ఊపాడు. లెక్క సరిపోయినవాడి తల ఊపు అది. "ఇవాళ మేనేజరు ముందర ఇదే సెప్పు. ఇంకేటీ కలపకు, తీసీకు."

వెనక్కి తిప్పాం. ఆంగ్ మో కియోలోకి వచ్చేసరికి ఇంజను దగ్గడం మొదలుపెట్టింది. ఆయన చెవి పెట్టి విని, "ఎడమ పక్కకి తీసుకో. ఆ మూడో దీపస్తంభం దాటదు," అన్నాడు. మూడో దీపస్తంభం ముందు బండి ఆగింది. ఇది కూడా కల్పించానంటారు. నా కళ్ల మీద ఒట్టు వేశాను కదా. ఎప్పుడూ ముల్లును పావు కిందికి దిగనివ్వొద్దని చెప్పిన మనిషి, తన నియమాన్ని తనే ఆ ఒక్క పూటకు పక్కన పెట్టి, బండి దిగి, ఏమీ జరగనట్టు వెనక్కి వెళ్లి చేతులు ఆనించాడు. నేను డ్రైవరు తలుపు దగ్గర ఒక చేత్తో స్టీరింగు పట్టుకొని తోశాను. అర కిలోమీటరు. ఎండ ఎక్కింది. ఆయన ఊపిరి నాకు వినిపిస్తోంది. ఆగుదామన్నాను. "ఆగితే మళ్లీ కదపడం కష్టం. తోయ్," అన్నాడు. బంకు వాలులోకి ఎక్కించేటప్పుడు మాత్రం ఖాదర్ ఎదురొచ్చి ఒక చెయ్యి వేశాడు.

బంకులో ఒక పక్కకు తాడు కట్టి ఉంచారు. మేనేజరు టాన్, కొలతల ఆఫీసు నుంచి వచ్చిన ఒకావిడ, భోజనాల దగ్గర నవ్వని ఆ పెద్దమనిషి, జాబితాలో జవాబులు రాసినవాళ్లు ఒక పదిమంది ఉన్నారు. శ్రీహరి రాలేదు. వాడెందుకు వస్తాడు. మేనేజరు చేతిలో ఆ ఈమెయిలు అచ్చుతీసిన కాగితం ఉంది. అంకుల్ వెళ్లి దాన్ని తీసుకొని, చదవకుండానే నాలుగు మడతలు పెట్టి, చొక్కా జేబులో వేసుకొని, "పేరుతో పనిలేదు సర్. పంపుతో పని," అన్నాడు ఇంగ్లీషులో.

మొదట కొలతపాత్ర. పంపు ఇరవై చూపించేదాకా పట్టారు. ఆవిడ వంగి చూడబోతే అంకుల్ మర్యాదగా నేల మీద గుడ్డ పరిచాడు. ఆవిడ ఒక క్షణం ఆయన ముఖం చూసి, ఆ గుడ్డ మీద మోకాళ్లు ఆనించి చూసింది. గీత మీద నిలబడింది. మళ్లీ పట్టారు. మళ్లీ గీతే. తర్వాత మా బండి. నాజిల్ నాకే ఇచ్చాడు. మీట నొక్కి పట్టుకున్నాను. అంకెలు కదులుతుంటే అంతమందీ పంపు వైపే వంగి చూశారు. ముప్పై తొమ్మిది పాయింట్ ఆరు దగ్గర టక్కుమంది.

"చుకుప్," అన్నాడు అంకుల్. "నియమం ఇక్కడిదాకా. ఇప్పుడు నువ్వు ఆవేళ ఎలాగ సేసినావో అలాగ సెయ్యి."

పదిమంది ముందు నేను నా కారును నడుంతో ఊపాను. అవతల ఖాదర్ ఊపాడు. మలక్కా వెళ్లే ముందు గర్వంగా చేసిన పనే, ఇప్పుడు పంట్లాం ఊడిపోయినంత సిగ్గుగా ఉంది. చుక్కచుక్కగా అంకె పాకింది. మూతి దగ్గర పెట్రోలు తళుక్కుమని ఇక ఒక్క బొట్టు కూడా పట్టనని చెప్పినప్పుడు, నలభై మూడు పాయింట్ తొమ్మిది. ఎండగట్టిన ట్యాంకు, గొట్టం, మెడ అంతా కలిపి.

మేనేజరు నావైపు తిరిగాడు. "ఆ రోజు ఎంత చూశారు మీరు?"

"నలభై రెండు పాయింట్ ఏడు," అన్నాను.

"మరి యాభై రెండు?"

"అది భోజనాల దగ్గర అయింది."

"అయిందంటే?"

"నేనే చేశాను సర్. తొమ్మిది లీటర్ల మూడువందలు నా సొంత తయారీ. పంపుకు సంబంధం లేదు. ఈయనకు సంబంధం లేదు."

"వై?" అన్నాడు ఆయన, నిజంగానే అర్థం కాక.

"వినడానికి బాగుంటుందని."

ఎవరూ నవ్వలేదు. నవ్వి ఉంటే సులువుగా ఉండేది. ఆ పెద్దమనిషి గొంతు సవరించుకొని, అంకుల్ దగ్గరికి వెళ్లి చెయ్యి కలిపాడు. కొలతల ఆఫీసు ఆవిడ మోకాళ్ల దుమ్ము దులుపుకొని, పుస్తకం తిరగేసి, పాత సంతకాలు కొన్ని చూసి, కింద తనదీ పెట్టింది. అంకుల్ లోపలికి వెళ్లి యూనిఫారం వేసుకొని వచ్చాడు. అప్పటికే పంపు దగ్గర రెండు బండ్లు ఆగి ఉన్నాయి. మొదటి బండిలో ఆయన అద్దం దించి, "ఫుల్," అన్నాడు. అంకుల్ నాజిల్ పెట్టాడు. టక్కుమంది. తీసేశాడు.

తర్వాత రెండు నెలలు నేను వెళ్లినప్పుడల్లా పెట్రోలు పోసేవాడు, మూత మూడు టక్కులు తిప్పేవాడు, కథ అడిగేవాడు కాదు. నేను మానకుండా వెళ్లాను. ముల్లు పావు దగ్గరికి రాకపోయినా వెళ్లాను. ఏడు లీటర్లకు కూడా వెళ్లాను. తొమ్మిదో వారమో పదో వారమో నాజిల్ పెట్టి, ఎటో చూస్తూ, "మొసలి మళ్లీ కనపడిందా?" అన్నాడు. ఏడు లీటర్ల కథ ఒకటి చెప్పాను. చిన్నదే, అయినా ఆయన కళ్లు తుడుచుకున్నాడు.

ఆయన రిటైరయిన రోజు కేకు కోశారు. వెళ్లేటప్పుడు నా చేతిలో ఒక మడతల కాగితం పెట్టాడు. నాలుగు మడతలు. మడతల దగ్గర చిరుగు పట్టింది. "ఇది నీ దగ్గర ఉండాల," అన్నాడు. ఆ తర్వాత ఆరేళ్లు బతికాడు. చివరి ఏడాది ఆసుపత్రి మంచం మీద కూడా కథలు అడిగాడు. నేను కథలు చెబుతూనే ఉన్నాను, ఇప్పటికీ. కానీ ఎవరి పని మీదైనా ఆధారపడిన అంకె నా కథలోకి వస్తే, గొంతు దానంతటదే ఆగుతుంది. టక్కుమన్నట్టు.

ఇక ఒట్టు సంగతి. కాస్త తప్పాను. పైన రాసినదాంట్లో ఒకటి కల్పించాను. మా ఫ్లాటులో రెండు గదులు, ఇద్దరు మనుషులు. హాల్లో పరుపు లేదు. శ్రీహరి అనేవాడు లేడు. ఆ కాగితం ఇప్పుడు కూడా, ఇప్పటి కారు డాష్‌బోర్డు అరలో, ట్యాంకు ఎన్ని లీటర్లో రాసి ఉన్న ఆ పాతబండి చేతిపుస్తకం మధ్యలో ఉంది. అడుగున ఉన్న పేరు నాది. మేనేజరుకు తెలుసు, ఖాదర్‌కు తెలుసు. క్రాంజీ రోడ్డు మీద అడగనన్నప్పుడే అంకుల్‌కు తెలుసు. ఇన్నేళ్లలో ఆ పేరు నేను పైకి చదవడం ఇదే మొదలు. లీటర్లు మాత్రం ఒక్కటి కూడా పెంచలేదు.